కిటికీ బయట ఆగిన కెమెరా

పెళ్లి వీడియోలు తీసి బతికేవాణ్ని నేను. పద్దెనిమిదేళ్లుగా ఇదే నా రోజీ. నికా, వలీమా, అకీఖా, ఓణీల ఫంక్షన్, గృహప్రవేశం, ఎవరు పిలిస్తే వాళ్లింటికి కెమెరా భుజాన వేసుకుని పోవడమే. మిక్సింగ్ నేర్పేటప్పుడు మా ఉస్తాద్ ఒకటే ఉసూల్ చెప్పాడు. ఏ షాటూ నాలుగు సెకన్లు దాటకూడదు. దాటితే చూసేవాళ్లు ఫార్వర్డ్ కొట్టేస్తారు. ఒక్క రుఖ్సతీ దగ్గర మాత్రం మినహాయింపు. అక్కడ పెళ్లికూతురి కన్నీళ్ల మీదికి ఎంత దగ్గరగా పోతే అంత పేరు.

అలాంటివాణ్ని, ఇరవై ఐదు నిమిషాల పాటు ఒక్క కటింగ్ కూడా లేని షాట్ ముందు ఊపిరి బిగబట్టుకుని కూర్చున్నాను. ఆ షాట్ తీసిన కెమెరామన్ గురించి, ఆ షాట్ నాకు చేసిన పని గురించి ఈసారి రాస్తున్నాను. కాస్త సబర్‌తో చదవండి.

మా షాపులో మిక్సింగ్ చేసే కుర్రాడు ఒకరోజు వచ్చి, "భాయ్, ఒక వియత్నాం సినిమా చూశా. హీరో నీలాంటోడే, పెళ్లి వీడియోలు ఎడిటింగ్ చేసుకుంటాడు" అన్నాడు. సినిమా పేరు 'ఇన్‌సైడ్ ది యెల్లో కకూన్ షెల్'. పసుపు పట్టుగూడు లోపల అని అర్థం. 2023లో వచ్చింది. తీసినాయన ఫామ్ థియెన్ అన్, ఇది ఆయన మొదటి పెద్ద సినిమా. ఆ ఏడాది కాన్ ఫెస్టివల్‌లో మొదటి సినిమాకిచ్చే 'కేమెరా దోర్' ఇనామ్ దీనికే వచ్చింది. కెమెరా పట్టినాయన పేరు దిన్ దుయ్ హుంగ్.

ఈయన సినిమాల లిస్టు పొడుగైనది కాదు. ఈ సినిమాకి ముందు 2019లో ఇదే డైరెక్టర్‌తో 'స్టే అవేక్, బీ రెడీ' అనే పద్నాలుగు నిమిషాల చిన్న సినిమా తీశారు. దానికీ కాన్‌లోనే, డైరెక్టర్స్ ఫోర్ట్‌నైట్ అనే విభాగంలో ఇనామ్ వచ్చింది. రోడ్డు పక్క చిన్న హోటల్ దగ్గర ముగ్గురు కుర్రాళ్లు కూర్చుని మాట్లాడుకుంటుంటారు. పక్కనే మోటార్ సైకిల్ ప్రమాదం జరుగుతుంది. అంతే కథ. ఆ పద్నాలుగు నిమిషాలూ ఒకే చోట నిలబడి చూస్తున్న మనిషి కంటిలాగే ఉంటుంది కెమెరా. నాలుగేళ్ల తర్వాత పెద్ద సినిమా మొదలైంది కూడా అలాంటి చోటే.

రాత్రి, సైగాన్ నగరం. టీవీలో ఫుట్‌బాల్ మ్యాచ్ నడుస్తోంది, చుట్టూ జనం. ముగ్గురు స్నేహితులు బల్ల దగ్గర కూర్చుని ఈమాన్ గురించి వాదించుకుంటున్నారు. ఒకడు నమ్మకస్తుడు, ఒకడు కాదు. మధ్యలో ఉన్నవాడు థియెన్, మన హీరో. నమ్మాలని ఉంది కానీ మనసు ఒప్పుకోవడం లేదంటాడు. అంతలో తెర బయట ఎక్కడో దడాలున చప్పుడు. నాలాంటి కెమెరామన్ అయితే చప్పుడు వినపడ్డ మరుక్షణం అటు తిరుగుతాడు. మా రిఫ్లెక్స్ అది. హుంగ్ కెమెరా వెంటనే తిరగదు. జనం లేచి చూస్తారు, కొందరు నడిచి వెళ్తారు, తర్వాత నింపాదిగా కెమెరా తల తిప్పుతుంది. రోడ్డు మీద రెండు బళ్లు పడి ఉన్నాయి. కెమెరా దగ్గరికి పోదు. నెత్తురు చూపించదు.

కాసేపటికి థియెన్‌కు ఫోన్ వస్తుంది. వదిన హాన్ మోటార్ సైకిల్ ప్రమాదంలో పోయింది. ఆమె ఐదేళ్ల కొడుకు దావ్ బతికాడు. మనం చూసిన ప్రమాదమే అదని సినిమా గట్టిగా చెప్పదు. మనకే గుండెలో కలుక్కుమంటుంది. పక్కనే కూర్చుని, బీరు తాగుతూ, మనవాళ్ల మౌత్‌ను మనం దూరం నుంచి చూశామా అని. కెమెరా అప్పుడు దగ్గరికి పోయి ఉంటే ఈ దెబ్బ తగిలేది కాదు. అప్పుడే కబర్ అయిపోయేది కదా మనకు. దూరంగా ఉండబట్టే ఆ తప్పులో మనకూ హిస్సా వచ్చింది.

ఇక్కడ కొంచెం తారీఖ్ చెప్పాలి. లేకపోతే ఈ కెమెరా ఎందుకు ఇంత ఖాస్ అన్నది అర్థం కాదు.

వియత్నాం అనగానే మనలో చాలామందికి కళ్ల ముందు మెదిలేవి హెలికాప్టర్లు, మంటలు, అడవి. అవి హాలీవుడ్ మనకిచ్చిన తస్వీర్లు. 1993లో 'ది సెంట్ ఆఫ్ గ్రీన్ పపాయ' అనే సినిమా వచ్చింది. పచ్చి బొప్పాయి, చీమలు, చెమట పట్టిన మెడలు, ఎంత నజాకత్‌గా ఉంటుందో చెప్పలేను. దానికీ కేమెరా దోరే వచ్చింది. డైరెక్టర్ త్రాన్ ఆన్ హుంగ్ వియత్నాంలో పుట్టి ఫ్రాన్స్‌లో పెరిగినవాడు. కానీ ఆ సైగాన్ ఇల్లంతా ఫ్రాన్స్‌లో స్టూడియోలో వేసిన సెట్టు. కెమెరామన్ బెన్వా దెలోమ్, ఫ్రెంచి ఆయన. అదే డైరెక్టర్ 2000లో హనోయి వెళ్లి 'ది వర్టికల్ రే ఆఫ్ ద సన్' తీసినప్పుడు కెమెరా పట్టింది తైవాన్ ఉస్తాద్ మార్క్ లీ పింగ్ బింగ్. ఇద్దరూ గొప్పవాళ్లే, అనుమానం లేదు. కాకపోతే దునియా మెచ్చిన ఆ వియత్నాం వెలుగు ఇంటికొచ్చిన మెహమాన్ కళ్లతో చూసిన వెలుగు.

ఇంటివాళ్ల కెమెరా లేదా అంటే, ఉంది. 1979లో వచ్చిన 'ది అబాండన్డ్ ఫీల్డ్' అనే బ్లాక్ అండ్ వైట్ సినిమా చూడండి. డైరెక్టర్ హోంగ్ సెన్ అంతకు ముందు యుద్ధంలో కెమెరా మోసిన మనిషి. ఈ సినిమాకి కెమెరా దువాంగ్ తువాన్ బా. నీళ్లు నిండిన మైదానంలో ఒక గుడిసె. మొగుడు, పెళ్లాం, పాలు తాగే బిడ్డ. పైన అమెరికా హెలికాప్టర్లు తిరుగుతుంటాయి, కదిలిందల్లా కాల్చేస్తాయి. హెలికాప్టర్ మీదికి రాగానే ఆ తల్లిదండ్రులు బిడ్డను ప్లాస్టిక్ సంచిలో పెట్టి, మూతి బిగించి, తాము కూడా నీళ్లలో మునుగుతారు. ఆ దృశ్యం చూసి నేను రాత్రంతా పడుకోలేదు. 1981లో మాస్కో ఫెస్టివల్‌లో ఆ సినిమా గోల్డెన్ ప్రైజ్ తీసుకుంది.

ఆ సినిమాలో పైనుంచి చూసే చూపు ఒకటి, నీళ్లలోంచి చూసే చూపు ఒకటి. పైనున్నవాడికి కింద ఉన్నది మనిషి కాదు, నిషానా. కెమెరా ఎక్కడ నిలబడిందన్నది ఖూబీ ఒక్కటే కాదు, ఇన్సాఫ్ కూడా అని నాకు ఆ సినిమాతో కొంచెం తెలిసింది. హుంగ్ సినిమాతో పూర్తిగా తెలిసింది. ఆయన కెమెరా పైనుంచి చూడదు, మీద పడదు. మనిషి ఎత్తులో, గుమ్మం అవతల, నిలబడి ఉంటుంది.

మళ్లీ కథలోకి వస్తాను. థియెన్ వదిన మయ్యత్‌ను వ్యాన్‌లో ఎక్కించుకుని, దావ్‌ను పక్కన కూర్చోబెట్టుకుని, సైగాన్ నుంచి కొండల్లో ఉన్న సొంతూరికి బయల్దేరుతాడు. అన్న తామ్ ఎన్నో ఏళ్ల కిందటే పెళ్లాన్నీ బిడ్డనూ వదిలేసి ఎటో వెళ్లిపోయాడు. ఊళ్లో అందరూ కాథలిక్కులు. 1954లో దేశం రెండు ముక్కలైనప్పుడు ఉత్తరం నుంచి లక్షల మంది కాథలిక్కులు ఇళ్లూ వాకిళ్లూ వదిలి దక్షిణానికి వచ్చారు. ఆ కొండ ప్రాంతాల్లో అలా వచ్చి స్థిరపడ్డ ఊళ్లు చాలానే ఉన్నాయి. బట్వారా అంటే ఏంటో మన పెద్దలకు కొత్తగా చెప్పక్కర్లేదు.

ఊళ్లో అంతిమ సంస్కారాలు అయ్యాక, కఫన్ పని చేసిన పెద్దాయనకు డబ్బులివ్వడానికి థియెన్ వెళ్తాడు. ఆయన పేరు లూ. ఆ ఊళ్లో ఎవరు పోయినా కఫన్ ఆయనే చూస్తాడు. నేను మొదట్లో చెప్పిన ఇరవై ఐదు నిమిషాల షాట్ ఇక్కడుంది.

థియెన్ బండి మీద పోతుంటే కెమెరా ఊరి దారెంట వెనకాలే పోతుంది. ఇళ్లు, చెట్లు, మనుషులు, కోళ్లు. లూ ఇంటి దగ్గర థియెన్ బండి ఆపి లోపలికి వెళ్తాడు. కెమెరా మాత్రం బయటే ఆగుతుంది. కిటికీలోంచి చూస్తే లోపల ఇద్దరూ కూర్చుని కనిపిస్తారు. మాటలు వినిపిస్తాయి. డబ్బు తీసుకోమని కుర్రాడు, వద్దని పెద్దాయన. అలా కొంతసేపు గడిచాక, మీరు గమనిస్తే తప్ప తెలియనంత మెల్లగా, కెమెరా కిటికీ వైపు జరగడం మొదలెడుతుంది. పెద్దాయన తన జవానీ గురించి, యుద్ధంలో సిపాయిగా తాను చూసినవాటి గురించి చెప్పుకుంటూ పోతాడు. కెమెరా కిటికీ దాటుతుంది. గదిలోకి వస్తుంది. చివరికి ఆ పెద్దాయన ముఖం దగ్గరికి చేరుతుంది.

పనివాడిగా చెప్తున్నాను, ఇది ఎంత ముష్కిలో. బయట వెలుగు, లోపల చీకటి. షామియానాలోంచి ఇంట్లోకి కెమెరా తీసుకుపోయిన ప్రతిసారీ నాకు తస్వీర్ మొదట నల్లబడుతుంది, లేకపోతే కిటికీ తెల్లగా పేలిపోతుంది. అందుకే మేము కట్ చేసుకుని, లైట్ పెట్టుకుని మళ్లీ మొదలెడతాం. ఒకే షాట్‌లో వెలుతురు నుంచి చీకట్లోకి పోతూ, ఫోకస్ తప్పకుండా, మాట్లాడేవాళ్ల మాట తెగకుండా పోవడమంటే... ఇరవై మూడో నిమిషంలో ఎవరైనా తడబడ్డారా, మొత్తం మొదటికొస్తుంది.

కానీ నన్ను పట్టేసింది ఆ హునర్ కాదు. కెమెరా అడిగిన ఇజాజత్.

చూడండి, మన ఇళ్లలో ఒక అదబ్ ఉంది కదా. ఎవరింటికైనా పోతే గుమ్మం బయట నిలబడి సలాం చెప్పాలి. జవాబు వస్తేనే లోపలికి. తలుపుకు ఎదురుగా కాదు, కాస్త పక్కగా నిలబడాలని చిన్నప్పుడు మా దాదీ చెప్పేది, లోపలివాళ్ల మీద నజర్ పడకుండా. హుంగ్ కెమెరా కూడా అలాగే నిలబడింది. పెద్దాయన డబ్బులు వద్దన్నంతసేపూ అది లోపలికి రాలేదు. ఆయన తన కడుపులో మాట తానే విప్పడం మొదలెట్టాకే అడుగు వేసింది. ఆ ముఖం దగ్గరికి చేరడానికి అంత టైం పట్టింది కాబట్టే, చేరాక ఆ ముడతల్ని చూసే హక్కు మనకు వచ్చిందనిపిస్తుంది.

ఇప్పుడు నా సంగతి చెప్తాను. చెప్పకుండా తప్పించుకుందామని చూశాను, కానీ ఇది చెప్పకపోతే పై మాటలన్నీ ఉత్తవే.

మా అబ్బా దర్జీ. బజార్లో చిన్న కొట్టు, ఒక మిషను. మా మొహల్లాలో ఎవరి ఇంతెఖాల్ అయినా, రాత్రి రెండింటికైనా సరే, ముందు మా తలుపే తట్టేవాళ్లు. అబ్బా కత్తెర తీసుకుని వెళ్లేవారు. లట్టా గజాల్లో కొలిచి, మగవాళ్లకు మూడు ముక్కలు, ఆడవాళ్లకు ఐదు, కత్తిరించి ఇచ్చి వచ్చేవారు. కుట్టేది ఏమీ ఉండదు కదా అందులో. దానికి పైసా తీసుకునేవారు కాదు. "అందులో నా కుట్టు ఏముంది, ఉజ్రత్ తీసుకోవడానికి" అనేవారు. ఆ మాట కాకుండా ఆ పని గురించి ఇంకేం చెప్పారో నాకు గుర్తు లేదు. నేనెప్పుడూ అడగలేదు. నా దగ్గర హార్డ్ డిస్కుల నిండా వందల పెళ్లిళ్లున్నాయి. అబ్బా కూర్చుని పది నిమిషాలు మాట్లాడిన వీడియో ఒక్కటి లేదు.

రెండేళ్ల కిందట, ఫజర్ కాకముందే, అబ్బా పోయారు. ఇన్నాలిల్లాహి వ ఇన్నా ఇలైహి రాజివూన్. తమ్ముడు దమ్మామ్‌లో ఉన్నాడు. ఇఖామా రెన్యూవల్‌లో ఇరుక్కుని, కంపెనీవాళ్లు పంపలేదు. ఫోన్‌లో ఏడుస్తున్నాడు. "భాయ్, ఒక్కసారి చూపించు." నేను వీడియో కాల్ పెట్టాను. చాదర్ తీసి, ఫోన్ పట్టుకున్నాను. నా చేయి దానంతట అదే పని చేసింది. వెలుతురు వైపు తిరిగింది, కొంచెం వంగింది, ముఖం మీదికి మెల్లగా పోయింది. పద్దెనిమిదేళ్ల అలవాటు. ఫ్రేమ్ సరిచూసుకుంటున్నానని నాకే తెలిసేలోగా వెనక అమ్మీ గొంతు వినిపించింది.

"అబ్బాను అడిగావా బేటా?"

అంతే అంది. కోపంగా కూడా అనలేదు. అబ్బాకు ఫోటోలంటే గిట్టదు. హరామా హలాలా అని ఎప్పుడూ బహెస్ పెట్టుకోలేదు, కెమెరా కనిపిస్తే మాత్రం లేచి పక్కకు పోయేవారు. ఆధార్ కార్డు కోసం కూడా సణుక్కుంటూనే దిగారు. అలాంటి మనిషి, లేచి పక్కకు పోలేని రోజు వచ్చేసరికి, నేను జూమ్ చేశాను.

ఫోన్ వెనక్కి తీసుకున్నాను. అప్పుడే ఎవరో పిలిచారు, గుసుల్‌కు నీళ్లు, చాదర్లు కట్టడం, చాలా పనులు. ఫోన్‌ను కిటికీ గట్టు మీద పెట్టి వెళ్లిపోయాను. తర్వాత దాని సంగతే మర్చిపోయాను.

తమ్ముడు ఆ రోజు గురించి మళ్లీ ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. సరిగ్గా చూపించలేదని వాడికి షిక్వా ఉంటుందని నా లోపల ఒక ముల్లు. చూపించకూడనిది చూపించానని ఇంకో ముల్లు. ఆ రెండూ పెట్టుకునే రుఖ్సతీలు తీస్తూ వచ్చాను.

ఆ సినిమా మూడు గంటలకు కాస్త తక్కువ. లూ దగ్గర నుంచి లేచాక కథ ఇంకా చాలా ఉంది. ఒకప్పుడు తాను ప్రేమించిన థావ్ ఇప్పుడు క్రైస్తవ సన్యాసిని. దావ్‌ను ఆమె ఉన్న బడిలో చేర్పించి, థియెన్ అన్నను వెతుక్కుంటూ కొండల్లోకి పోతాడు. అక్కడి నుంచి హుంగ్ తస్వీర్లు మెల్లగా మారిపోతాయి. సైగాన్‌లో నియాన్ లైట్లు, గాజు తలుపులు, ఇరుకు. కొండల్లో పొగమంచు. దారి కనిపించదు, బండి ఆగిపోతుంది, ఎవరో ఒక ముసలామె రూహ్ గురించి మాట్లాడుతుంది. జరుగుతున్నదేదో, యాదేదో, ఖ్వాబేదో ఆనవాలు పట్టనివ్వడు. మేమైతే యాద్ అనగానే తెల్లటి మెరుపు కొట్టి, రంగు మార్చి, స్లో మోషన్ పెడతాం. ఆయన ఏమీ మార్చడు. అదే పొగమంచు, అదే వెలుతురు. నిజంగానే యాద్‌లు అలానే వస్తాయి కదా, సినిమాలో మాదిరి గంట కొట్టి రావు.

ఇంకో సంగతి. ఆయన ఫ్రేముల్లో ఎప్పుడూ తలుపో కిటికీయో ఉంటుంది. మనుషులు చిన్నగా, దూరంగా ఉంటారు. ముఖం దగ్గరగా చూపించడం చాలా అరుదు. అందుకే చెవులు పనిచేయడం మొదలెడతాయి. పురుగుల చప్పుడు, వాన, దూరంగా ప్రార్థన, బండి ఇంజను. కంటికి తక్కువ ఇచ్చి చెవికి ఎక్కువ ఇస్తాడు. మేము కంటికి అంతా ఇచ్చేసి, చెవికి ఒక సినిమా పాట అతికిస్తాం.

అందరికీ నచ్చుతుందని నేను చెప్పను. మా మిక్సింగ్ కుర్రాడే రెండుసార్లు నిద్రపోయి మూడోసారికి పూర్తి చేశాడట. కొన్ని చోట్ల నాకూ అనిపించింది, ఈ షాట్ ఇంకాస్త ముందే ఆపొచ్చు, ఇది సబరా లేక సబర్ చూపించుకోవడమా అని. చివర్లో థియెన్ అన్నను కనుక్కున్నాడో లేదో మనకు తేల్చి చెప్పరు. వాడు వెళ్లి వాగు నీళ్లలో పడుకుంటాడు, అంతే. జవాబు కావాలనుకునేవాళ్లకు ఖాళీ చేతులే.

అయినా లూ సీను మాత్రం అమ్మీకి చూపించాను. అక్షరాలు కింద ఇంగ్లీషులో వస్తుంటే నేను తెలుగులో చెప్తూ పోయాను. కొంతసేపటికి నేను చెప్పడం కూడా ఆపేశాను, ఆమె పట్టించుకోవడం లేదు, ఆ పెద్దాయన్నే చూస్తోంది. తస్బీ చేతిలోనే ఆగిపోయింది. సీను అయ్యాక అడిగింది.

"పైసలు తీసుకున్నాడా?"

"లేదమ్మీ."

"ఊఁ" అని లేచి వెళ్లిపోయింది.

మొన్న బక్రీద్‌కు తమ్ముడు వచ్చాడు, రెండేళ్ల తర్వాత. ఇద్దరం కబరస్తాన్‌కు వెళ్లాం. ఫాతిహా చదివి, తిరిగొస్తూ, గేటు దగ్గర నేనే ఎత్తాను. "ఆ రోజు సరిగ్గా చూపించలేకపోయానురా. మాఫ్ చెయ్."

వాడు ఆగాడు. "నువ్వు ఫోన్ కిటికీ మీద పెట్టేసి వెళ్లావు, గుర్తుందా?"

"ఆ. మర్చిపోయాను."

"నేను కట్ చేయలేదు భాయ్. దగ్గర దగ్గర నలభై నిమిషాలు. మన వాకిలి కనిపిస్తానే ఉంది. చాదర్లు కట్టినారు. చెప్పులు పెరిగిపోతా ఉన్నాయి గుమ్మం దగ్గర. చాచా కూర్చుని లట్టా కత్తిరించాడు. మనిషి సగమే కనిపించాడు. కానీ కత్తెర అబ్బాదే. ఆ చప్పుడు నాకు తెలుసు కదా." కొంచెంసేపు ఏమీ అనలేదు. "ముఖం చూసింది గుర్తులేదు, నిజం చెప్తున్నా. వణికిపోయాను ఆ టైంలో. తర్వాత చూసిందే గుర్తు. నేను కూడా వాకిట్లోనే ఉన్నట్టు."

నేనేం మాట్లాడలేకపోయాను. నా బతుకులో నేను తీసిన అన్నిటికంటే మంచి షాట్ నేను తీసింది కాదు. ఫోన్ గట్టు మీద పెట్టి పక్కకు పోవడం వల్ల అయ్యింది.

పని మానుకోలేదు, మానుకుంటే ఇల్లు గడవదు. కాకపోతే కొన్ని మార్చాను. మన నికాల్లో జల్వా ఉంటుంది కదా, దుల్హా దుల్హన్ ముఖాన్ని ముందు అద్దంలోనే చూడాలి. అసలు ఆ రస్మ్‌లో ఉన్నదే హయా. ఇన్నేళ్లూ నేను ఆ అద్దానికీ దుల్హాకీ మధ్యలోకి లెన్స్ దూర్చేవాణ్ని. ఇప్పుడు ఓ మూలన నిలబడుతున్నాను. అద్దం, ఇద్దరి తలలు, పైన పట్టుకున్న ఎర్ర దుపట్టా, చుట్టూ నవ్వే ఆడపిల్లల చేతులు, అంతే వస్తుంది ఫ్రేమ్‌లో. షాట్ కట్ చేయకుండా వదిలేస్తున్నాను. ఒకళ్లు గొడవ పెట్టారు, మా అమ్మాయి ముఖం క్లోజప్‌లో లేదని. కొంత డబ్బు తగ్గించుకున్నాను. ఇంకో ఇంట్లో పెళ్లికూతురి నానీ ఆ వీడియో నాలుగుసార్లు చూసిందట. అందులో వెనకాల, బియ్యం ఏరుతూ, పాట పాడుతున్నది తనే.

దిన్ దుయ్ హుంగ్ పేరు మన ఇళ్లలో ఎవరికీ తెలిసి ఉండకపోవచ్చు. పోస్టర్ల మీద కెమెరామన్ పేరు ఎవరు చదువుతారు. మీకు ఆ సినిమా దొరికితే, ఒక రాత్రి ఫోన్ పక్కన పెట్టి చూడండి. మొత్తం కుదరకపోతే లూ ఇంటి సీనైనా చూడండి. చూశాక మీ ఇంట్లో ఉన్న పెద్దవాళ్ల దగ్గర కాసేపు కూర్చోండి. ముందు అడగండి. ఒప్పుకుంటే, ఫోన్ ఎక్కడైనా గట్టు మీద పెట్టి, వాళ్లను మాట్లాడనివ్వండి. ఒప్పుకోకపోతే ఫోన్ జేబులో పెట్టుకుని వినండి.

మా అబ్బా మగ్‌ఫిరత్ కోసం దువా చేయండి.